పాత సభామందిరాన్ని మ్యూజియంగా మార్చేముందు: చెమ్మ, సున్నం, ఏసీ

మీ ప్రశ్న నాకు అర్థమైన మేరకు విషయం ఇది. చెన్నై జార్జిటౌన్‌లో మీ సంఘానికి నూట ఇరవై ఏళ్లు దాటిన సభామందిరం ఒకటి ఉంది. కింద పెద్ద హాలు, వేదిక ఉన్నాయి. పైన చదువుకునే గది, ఉత్తరం వైపు రెండు చిన్న గదులు, ముందు వసారా ఉన్నాయి. గోడలు ఇటుకతో కట్టినవి, పైకప్పు టేకు దూలాల మీద వేసిన మద్రాసు మిద్దె. దీన్ని బాగుచేసి, మద్రాసు తెలుగువారి నాటక దుస్తులు, తాళపత్రాలు, ఉత్తరాలు, ఛాయాచిత్రాలు, ఒక పాత అచ్చుయంత్రం పెట్టే మ్యూజియంగా మార్చాలని కమిటీ తీర్మానించింది. గోడలన్నిటికీ నీరు పట్టని సిమెంటు పూత, హాలంతటికీ సెంట్రల్ ఏసీ, ఎప్పుడో కూలిపోయిన ముందువైపు శిఖరం స్థానంలో కొత్త శిఖరం, ఇవన్నీ కలిపి ఎనిమిది నెలల్లో పూర్తిచేసి అప్పగిస్తానని ఒక గుత్తేదారు అంచనా ఇచ్చారు. ఆ అంచనా సబబుగా ఉందా అని మీరు అడిగారు.

సబబుగా లేదు. రేట్ల మాట నేను ఎత్తడం లేదు, అవి బహుశా సరిగానే ఉండవచ్చు. ముప్పై ఏళ్లుగా ఈ ఊళ్లో పాత కట్టడాల మరమ్మతు పనే చేస్తున్నవాడిగా నాకు కనిపిస్తున్న లోపం వేరు. ఆ అంచనాలోని మొదటి రెండు పనులూ ఒకదానికొకటి తోడై భవనాన్నీ, అందులో పెట్టబోయే వస్తువులనూ కలిపి దెబ్బతీస్తాయి. మూడో పని ఇప్పుడు అక్కరలేదు. సున్నపు గోడల మందిరాన్ని చల్లటి పెట్టెగా మార్చాలన్న ఆలోచనే ఇందులో అసలు పొరపాటు. హాలును గాలికీ సున్నానికీ వదిలిపెట్టి, సున్నితమైన వస్తువులకు మాత్రమే చిన్న గదుల్లోనూ పెట్టెల్లోనూ వాతావరణాన్ని అదుపులో పెట్టుకుంటే మీ డబ్బూ మిగులుతుంది, భవనమూ నిలుస్తుంది. ఎందుకు అలా అంటున్నానో కాస్త వివరంగా చెప్పవలసి ఉంది.

అన్నిటికంటే ముందు నీరు ఎక్కడి నుంచి వస్తోందో తేల్చుకోవాలి. చెన్నైలో ఏడాది వర్షంలో సగానికి పైగా అక్టోబరు నుంచి డిసెంబరు మధ్య ఈశాన్య రుతుపవనాల కాలంలోనే కురుస్తుంది కాబట్టి, ఆ మూడు నెలలూ భవనాన్ని పక్కనే ఉండి గమనించకుండా తయారుచేసిన ఏ అంచనా అయినా ఊహే అవుతుంది. మీ మనిషి ఒకరు నోటుపుస్తకం పట్టుకుని, ప్రతి పెద్ద వాన తరువాతా ఏ గోడ మీద ఎంత ఎత్తున తడి మరక కనిపించిందో సుద్దతో గీసి, తేదీ వేసి, ఫొటో తీయాలి. పై నుంచి దిగిన తడి, కింద నుంచి ఎక్కిన తడి, గాలిలోంచి పట్టిన తడి చూడటానికి ఒకేలా ఉంటాయి గాని వాటికి చేయవలసిన చికిత్సలు పూర్తిగా వేరు. పై నుంచి దిగిన మరక వాన ఆగిన కొద్ది రోజులకు ఆరుతుంది. కింద నుంచి ఎక్కిన మరక మే నెలలో కూడా నడుము ఎత్తున అలాగే నిలిచి ఉండి, దాని పై అంచున తెల్లగా ఉప్పు పూస్తుంది, పూత పెచ్చులుగా ఊడిపోతుంది. మీరు పంపిన ఫొటోల్లో తూర్పు గోడకున్నది ఈ రెండో రకం మరకే.

దానికి కారణం మీ గోడలో లేదు, వీధిలో ఉంది. జార్జిటౌన్ సందుల్లో పాత రోడ్డును చెక్కి తీయకుండా దాని మీదే మళ్లీ మళ్లీ కొత్త రోడ్డు వేస్తూ వచ్చారు. మీ తాతలనాడు అయిదు మెట్లెక్కి లోపలికి వెళ్లిన హాలుకు ఈనాడు రెండు మెట్లే మిగిలాయని మీరే రాశారు. అంటే భవనపు పీఠంలో సగానికి పైగా మట్టిలోకి పోయింది. నేలకు పైన ఉండవలసిన ఇటుక వరసలు ఇప్పుడు తడి నేలలో ఉన్నాయి. పైగా చుట్టూ ఉన్న ఖాళీ స్థలంలో గోడ అంచు దాకా సిమెంటు పలకలు పరిచారు. నేలలోని చెమ్మకు ఆవిరై పోయే దారి అక్కడ మూసుకుపోవడంతో అది గోడలోంచి పైకి పాకుతోంది. చేయవలసినది ఏమిటంటే, గోడ చుట్టూ రెండడుగుల వెడల్పున ఆ పలకలను తీసివేసి, పునాదిని కదపనంత తక్కువ లోతున కాలువ తవ్వి, అడుగున వాలుగా గొట్టం వేసి, గులకరాళ్లతో నింపడం. ఇది చాలా చవకైన పని. దీని మీద ప్రారంభోత్సవ శిలాఫలకం పెట్టలేము కాబట్టి కమిటీలకు సాధారణంగా ఆసక్తి ఉండదు.

ఇక సిమెంటు పూత. ఈ విషయంలో నేను చేసిన తప్పునే చెబుతాను. ఈ వృత్తిలో కొత్తగా చేరిన రోజుల్లో, ఇదే ఊళ్లో మీ హాలు ఈడుదే ఒక పఠన మందిరానికి, గోడ తడిగా ఉందని నీరు పట్టని మందు కలిపిన సిమెంటు పూత వేయించే కాగితం మీద నేను సంతకం చేశాను. మొదటి ఏడాది గోడ అద్దంలా ఉంది, అందరూ మెచ్చుకున్నారు. రెండో వానాకాలం గడిచేసరికి తడి మరక నాలుగడుగుల నుంచి తొమ్మిదడుగులకు ఎక్కింది. బయటికి పోయే దారి లేని చెమ్మ పూత వెనకాలే పైకి పాకి, చివరికి పై అంతస్తు దూలాల కొసలు ఆనుకున్న చోటికి చేరింది. పూతను కొట్టి తీసేటప్పుడు అది ఒంటరిగా రాలేదు, ఇటుకల ముఖాలను కూడా తనతో పాటు పెరికి తెచ్చింది. వందేళ్ల నాటి ఇటుక మెత్తనిది, సిమెంటు దానికంటే గట్టిది. రెండింటి మధ్య పట్టు విడిపోవలసి వస్తే చిరిగేది ఇటుకే. ఆ గోడను తిరిగి నిలబెట్టడానికి పూత వేసిన ఖర్చుకు ఎన్నో రెట్లు అయింది.

సున్నపు పూత అందుకు భిన్నంగా పనిచేస్తుంది. అది చెమ్మను పీల్చి మళ్లీ గాలికి వదులుతుంది, గోడ కొంచెం కదిలితే తానూ కదులుతుంది, ఉప్పు పూసినా తాను పాడై ఇటుకను కాపాడుతుంది. పదిహేను ఇరవై ఏళ్లకొకసారి కొంత భాగం ఊడదీసి మళ్లీ వేయవలసి రావడం దాని లోపం కాదు, దానికి అప్పగించిన పనే అది. అయితే సంచుల్లో దొరికే సున్నప్పొడి తెచ్చి ఇసుకలో కలిపి పూసి, ఇదీ సున్నపు పనే అని చెప్పేవారు చాలామంది ఉన్నారు, జాగ్రత్తగా ఉండండి. కాల్చిన సున్నాన్ని గుంటలో నీళ్లు పోసి విరియబెట్టి, వడగట్టి, నీటి కింద కనీసం కొన్ని వారాలు, వీలైతే నెలలు నానబెట్టాలి. తరువాత ఇసుకతో గాని, ఇటుక పొడితో గాని కలిపి గానుగలో ఆడించాలి. కరక్కాయ నానబెట్టిన నీళ్లు, బెల్లపు నీళ్లు కలపడం మన మేస్త్రీలు తరతరాలుగా చేస్తున్న పద్ధతి. గవ్వసున్నంతో వేసే చివరి పూతలో కోడిగుడ్డు తెల్లసొన, పెరుగు వాడి, నున్నటి రాయితో మెరుగు పెట్టేవారు. పాలరాయిలా మెరిసే ఆ మద్రాసు గచ్చు మీ వేదిక పక్క స్తంభాల మీద రంగుల పొరల కింద ఇంకా ఉన్నట్లు ఫొటోలో కనిపిస్తోంది. దాన్ని గీకకండి, ఒక చిన్న చోట రంగు పొరలను ఒక్కొక్కటిగా విప్పించి చూడండి. పూర్వం వాడిన మిశ్రమంలో సున్నమెంత, ఇసుకెంత, ఇటుక పొడి ఎంత అన్నది పాత పూత ముక్కను పరీక్షిస్తే తెలుస్తుంది. ఐఐటీ మద్రాసులో చారిత్రక కట్టడాల భద్రత కోసం పెట్టిన జాతీయ కేంద్రం ఉంది, ఇలాంటి సలహాకు ముందు అక్కడికి వెళ్లండి. మేస్త్రీల కోసం కారైక్కుడి వైపు అడగండి. చెట్టినాడు ఇళ్ల పని చేసిన చేతులు అక్కడ ఇంకా ఉన్నాయి. మన తెలుగు జిల్లాల్లో డంగుసున్నం పని తెలిసిన పెద్దవాళ్లు ఒకరిద్దరు నాకు తెలుసు గాని, వాళ్ల కొడుకులు ఎవరూ ఆ పనిలోకి రాలేదు.

సిమెంటు కథ గోడల దగ్గరే ఆగదని చెప్పడానికి మన ఊరి మ్యూజియమే సాక్ష్యం. అమరావతి స్తూపపు శిల్పాలను 1845లో వాల్టర్ ఇలియట్ అనే బ్రిటిష్ అధికారి తవ్వించి మద్రాసుకు చేర్పించారు. ఆ స్తూపపు శిల్పాల్లో కొన్ని తరువాత లండన్‌కు వెళ్లి బ్రిటిష్ మ్యూజియంలో ఉన్నాయి, మిగిలినవాటిలో చాలాభాగం ఎగ్మోరు మ్యూజియంలో ఉన్నాయి. 1880లలో ఆ పలనాటి సున్నపురాతి పలకలను మ్యూజియం గోడల్లో సిమెంటుతో పొదిగారు. ఆనాటివారికి అది భద్రమైన పద్ధతిగానే తోచి ఉంటుంది. కాని గోడలోని చెమ్మ, సిమెంటులోని లవణాలు రాతిలోకి చేరి, ఆరినప్పుడల్లా లోపల స్ఫటికాలుగా గట్టిపడి, రాతి ముఖాన్ని పొరలు పొరలుగా విప్పసాగాయి. రెండు వేల ఏళ్ల పాటు కృష్ణా తీరపు ఎండకూ వానకూ తట్టుకున్న రాయికి మ్యూజియం గోడే శత్రువయింది. మీ దగ్గర శిలాశాసనం గాని, పాత దాతల పేర్లు చెక్కిన పలకలు గాని ఉంటే, వాటిని గోడలో పొదగకుండా, గోడకు వేలెడు దూరంలో తుప్పు పట్టని ఉక్కు కొక్కేల మీద నిలబెట్టండి. మామూలు ఇనుము వాడనివ్వకండి. తుప్పు పట్టిన ఇనుము ఎన్నో రెట్లు ఉబ్బి, రాతినైనా ఇటుకనైనా లోపలి నుంచి పగలగొడుతుంది.

పైకప్పు దగ్గరికి వద్దాం. మద్రాసు మిద్దె నిర్మాణం మీకు తెలిసే ఉంటుంది గాని కమిటీకి చెప్పడానికి పనికివస్తుందని రాస్తున్నాను. గోడ నుంచి గోడకు టేకు దూలాలు, వాటి మీద ప్రత్యేకంగా పోసిన పలుచని చిన్న ఇటుకలను నిలువుగా, ఏటవాలు వరసల్లో, సున్నంతో అతికించుకుంటూ పోతారు. దాని మీద ఇటుకముక్కలూ సున్నమూ కలిపి వేసి, రోజుల తరబడి కర్రలతో బాది గట్టిపరుస్తారు. అన్నిటికీ పైన పలుచని పెంకు బిళ్లలు పరుస్తారు. ఈ కప్పు కారుతోందంటే మూడు వంతుల సందర్భాల్లో కారణం కప్పు కాదు, మూసుకుపోయిన తూము, లేదా పిట్టగోడ సందులో మొలిచిన రావిమొక్క. మీ గుత్తేదారు ప్రతిపాదించినట్లు పైన మరో కాంక్రీటు పొర పోస్తే దూలాల మీద బరువు పెరుగుతుంది, లోపలికి చేరిన నీరు పైకి ఆవిరి కాలేక కిందికే దిగుతుంది. ఇప్పటికే గతంలో వేసిన తారు పొరలూ కాంక్రీటూ ఉంటే వాటిని తీసివేయడంతోనే సగం పని అయిపోతుంది.

దూలాల ఆరోగ్యం చూడవలసినది మధ్యలో కాదు, కొసల్లో. గోడ లోపల గూట్లో కూర్చున్న ఆ అడుగు ముక్కకు గాలి తగలదు, తడి మాత్రం తగులుతుంది. చెద ప్రవేశించేదీ అక్కడే. సుత్తితో తట్టి వినగల పెద్ద వడ్రంగి చెవి ఇప్పటికీ మొదటి పరికరం. ఆ తరువాత సన్నని సూదితో రంధ్రం చేస్తూ కర్ర ప్రతిఘటనను కొలిచే యంత్రం ఉంది, దాన్ని తెప్పించండి. కర్రలో తేమ 20 శాతం దాటితే బూజు శిలీంధ్రం దాన్ని తినడం మొదలుపెడుతుంది. కొస మాత్రమే పాడైన దూలాన్ని మొత్తంగా మార్చవద్దు. పాడైనంత కోసి కొత్త టేకు ముక్కను అతికించి ఉక్కు పట్టీలతో బిగించవచ్చు, లేదా గోడకు బ్రాకెట్టు పెట్టి ఆనించవచ్చు. అతికిన చోటు కనిపిస్తుందని సిగ్గుపడవలసిన పని లేదు. ఏది పాతదో ఏది కొత్తదో దగ్గరికి వచ్చి చూసినవాడికి తెలియడమే మంచిది.

బరువు విషయంలో ఒక లెక్క కచ్చితంగా చేయించండి. భారతీయ ప్రమాణాల్లో ఇంటి గదులకు చదరపు మీటరుకు సుమారు 200 కిలోల భారం లెక్కిస్తే, మ్యూజియాలకు సుమారు 400 కిలోలు లెక్కిస్తారు. పదిమంది కూర్చుని పత్రికలు చదువుకున్న గదిలోకి ఒకేసారి బడిపిల్లల బస్సు దిగితే తేడా ఎంతో ఊహించండి. అచ్చుయంత్రం ఎట్టి పరిస్థితిలోనూ కింది అంతస్తులోనే, దాని కాళ్ల కింద విడిగా దిమ్మె వేసి పెట్టాలి. కాగితం కూడా చాలా బరువు. పుస్తకాల బీరువాలను పై గది మధ్యలో కాకుండా గోడల వెంబడి, దూలాల కొసలకు దగ్గరగా ఉంచాలి. పై అంతస్తులోకి ఒక విడతకు ఇంతమందికే ప్రవేశం అని నియమం పెట్టుకోవడం నామోషీ కాదు.

ఇప్పుడు ఏసీ. చెన్నైలో మామూలు రోజున బయట 33 డిగ్రీల వేడి, గాలిలో 65 శాతం తేమ ఉన్నాయనుకుంటే, ఆ గాలి సుమారు 25 డిగ్రీల దగ్గర ఉన్న ఏ ఉపరితలాన్ని తాకినా దాని మీద మంచులా నీరు పడుతుంది. చల్లని నీళ్ల చెంబు బయట పట్టే చెమట అదే. హాలును 22 డిగ్రీలకు చల్లబరిస్తే గోడ లోపలి ముఖం ఆ చెంబులాగే ఉంటుంది. నూట ఇరవై ఏళ్ల నాటి కిటికీ రెక్కల సందుల నుంచీ, తలుపు తెరిచినప్పుడల్లా, ఇటుక గోడ రంధ్రాల ద్వారానూ లోపలికి వచ్చే తడి గాలి అక్కడ నీరవుతుంది. అందులోనూ ఉదయం పదింటికి వేసి సాయంత్రం అయిదింటికి ఆపే ఏసీ మరీ ప్రమాదం. రాత్రంతా గాలిలో తేమ పెరుగుతుంది, పగలు తగ్గుతుంది. తాళపత్రం, కాగితం, పట్టు, కర్ర రోజుకొకసారి ఉబ్బి ముడుచుకుంటాయి. ఎప్పుడూ ఒకే రకంగా వేడిగా ఉన్న చోట వందేళ్లు బతికిన తాళపత్రం, ఇలా రోజూ ఊగిసలాడే చోట పదేళ్లలో పెళుసెక్కి విరుగుతుంది. కరెంటు బిల్లు కట్టలేక రెండో ఏడాదికే ఏసీ ఆపివేసిన చిన్న మ్యూజియాలను నేను ఒకటికి మించి చూశాను. అప్పటికి గాలి దారులన్నీ జిప్సం పలకలతో మూసేసి ఉంటాయి. అలాంటి హాలు బూజు పెంచే గది అవుతుంది.

కాబట్టి హాలుకు మొదట కట్టినవారు ఇచ్చిన ఏర్పాటునే తిరిగి ఇవ్వండి. పైన ఉన్న గుండ్రని వెంటిలేటర్లను ఎవరో మేకులు కొట్టి మూశారు, వాటిని తెరిపించండి. పావురాలు రాకుండా సన్నని తుప్పు పట్టని జాలీ వేయించండి. ఎత్తైన కప్పు నుంచి పొడవైన కడ్డీలకు పెద్ద పంకాలు వేలాడదీయండి. కప్పును దాచే ఫాల్స్ సీలింగును ఎవరైనా ప్రతిపాదిస్తే వినకండి; కప్పు కారడం మొదలైన రోజు మీకు తెలియకుండా చేసేది అదే. హాలులో పెట్టేవి ఈ వాతావరణాన్ని తట్టుకునేవి కావాలి: అచ్చుయంత్రం, సీసపు అక్షరాలు, రాతి పలకలు, వేదిక సామాను, అసలు ఫొటోలకు బదులు వాటి మంచి నకళ్లు.

తాళపత్రాలు, ఉత్తరాలు, జరీ నాటక దుస్తులు, అసలు ఛాయాచిత్రాలు మాత్రం పై అంతస్తులో ఉత్తరం వైపున్న ఆ రెండు చిన్న గదుల్లోకి వెళ్లాలి. కింది అంతస్తు ఎందుకు వద్దంటే, 2015 డిసెంబరులో నీళ్లు ఎంత ఎత్తుకు వచ్చాయో మీ వీధివారిని అడగండి. ఆ గదుల గోడలకు ఏమీ పూయకుండా, వాటి నుంచి జానెడు దూరంలో తేలికపాటి పలకలతో లోపల మరో గది కట్టించి, ఆ లోపలి గదిలో మాత్రమే తేమ తగ్గించే యంత్రాన్ని ఇరవై నాలుగు గంటలూ నడపండి. వేడి 25, 26 డిగ్రీలున్నా ఫరవాలేదు, తేమ మాత్రం 55 శాతం దగ్గర నిలకడగా ఉండాలి. 65 దాటి నిలిచిపోతే బూజు ఖాయం. చిన్న గది కాబట్టి యంత్రమూ చిన్నదే, కరెంటు పోతే ఇన్వర్టరు మీద కూడా నడుస్తుంది. రేపు మీ మనసు మారితే ఆ లోపలి గదిని విప్పి తీసివేయవచ్చు, పాత గోడ మీద ఒక్క మేకు గుర్తు కూడా మిగలదు.

వెలుతురు విషయం క్లుప్తంగా చెబుతాను. కాగితం, పట్టు, తాళపత్రాల మీద 50 లక్స్‌కు (లక్స్ అంటే వెలుగును కొలిచే ప్రమాణం) మించిన వెలుగు పడకూడదు, అతినీలలోహిత కిరణాలు అసలు తగలకూడదు. ఆ 50 లక్స్ కూడా రోజుకు 8 గంటల చొప్పున ఏడాదికి 300 రోజులు పడితే 1,20,000 లక్స్ గంటలవుతుంది; వెలుగు చేసే హాని ఇలా పోగవుతూనే ఉంటుంది. రంగు పోయిన చీరకు రంగు తిరిగి రాదు కాబట్టి దుస్తులను మూడు నాలుగు నెలలకొకసారి మార్చుతూ ప్రదర్శించండి. మనుషులు గదిలోకి వచ్చినప్పుడే వెలిగే దీపాలు పెడితే ఇంకా మంచిది.

కరెంటు తీగల గురించి మాత్రం క్లుప్తంగా చెప్పలేను. 2012 జనవరిలో చేపాక్ ప్యాలెస్‌లోని ఖల్సా మహల్ అగ్నికి ఆహుతి అయి, మంటలార్పడానికి వెళ్లిన అగ్నిమాపక అధికారి ఒకరు ప్రాణం కోల్పోయారు. ఆ భవనాన్ని తరువాత సున్నపు పనితోనే తిరిగి నిలబెట్టారు. 2018 సెప్టెంబరులో రియో డి జనీరోలోని బ్రెజిల్ జాతీయ మ్యూజియం ఒక్క రాత్రిలో కాలిపోవడానికి మూలం కింది అంతస్తులోని ఒక ఏసీ యంత్రమని అక్కడి దర్యాప్తులో తేలింది. టేకు దూలాల కింద, ఎండిన కర్ర వేదిక వెనక, యాభై ఏళ్లుగా ఒకరి తరువాత ఒకరు అతికించుకుంటూ పోయిన తీగల మీద మీరు ఏసీ భారం వేయబోతున్నారు. పాత తీగలన్నీ తీసివేసి, కొత్తవాటిని లోహపు గొట్టాల్లో, గోడను చెక్కకుండా పైపైన నడిపించండి. గోడలో గాడి చెక్కితే సున్నపు పూత మూడడుగుల మేర కదులుతుంది. రాత్రి మూసేటప్పుడు తేమ యంత్రానికీ అగ్ని హెచ్చరిక వ్యవస్థకూ తప్ప మిగిలినవాటికి మెయిన్ స్విచ్ ఆపే ఏర్పాటు ఉండాలి. మరమ్మతు జరుగుతున్నంత కాలం భవనంలో వెల్డింగు చేయనివ్వకండి. పనివాళ్లు రాత్రి హాలులో వంట చేసుకోకుండా వారికి బయట షెడ్డు కట్టించి ఇవ్వండి. ఆ షెడ్డు ఖర్చు అంచనాలో రాయించకపోతే వాళ్లు తప్పకుండా వేదిక వెనకాలే వండుకుంటారు, తప్పు వాళ్లది కాదు.

శిఖరం సంగతి. మీ దగ్గరున్నది వీధిలోంచి తీసిన ఒకే ఒక ఫొటో, అందులో కనిపించేది ముందు ముఖం మాత్రమే. వెనక వైపు ఎలా ఉండేదో, ఎంత లోతు ఉండేదో, లోపల మెట్లున్నాయో లేదో ఎవరికీ తెలియదు. పునరుద్ధరణ అనేది ఊహ మొదలైన చోట ఆగిపోవాలని చారిత్రక కట్టడాల పరిరక్షణపై 1964లో కుదిరిన అంతర్జాతీయ వెనిస్ ఒప్పందం నియమం పెట్టింది. ఈ రంగంలో ఎన్ని వాదాలున్నా ఈ మాటను కాదనేవారు తక్కువ. పైగా ఆ శిఖరం ఎందుకు కూలిందో తెలియకుండా అదే చోట మళ్లీ బరువు పెట్టడం తెలివైన పని కాదు. ఆ ఫొటోను పెద్దది చేసి ప్రవేశద్వారం దగ్గర పెట్టండి, చూసేవారికి లేనిది ఏమిటో తెలుస్తుంది. శిఖరానికి దాత దొరికాడని మీరు రాశారు. ఆ దాతను కాలువకూ, తూములకూ ఒప్పించగలిగితే మీరు గొప్ప కార్యదర్శి అవుతారు.

మ్యూజియం అంటే మరుగుదొడ్లు, టికెట్ గది, కార్యాలయం, లిఫ్టు, మరమ్మతు బల్ల కూడా. వీటిని పాత భవనంలో ఇరికించవద్దు. బెంగళూరులో మాణిక్యవేలు మాన్షన్‌ను జాతీయ ఆధునిక కళా ప్రదర్శనశాలగా 2009లో తెరిచినప్పుడు, పాత మేడను మేడగానే ఉంచి, అదనపు ప్రదర్శన స్థలాన్ని పక్కన కట్టిన కొత్త భాగంలోకి తీసుకువెళ్లారు. ఒకసారి వెళ్లి ఆ రెండూ కలిసే చోటును చూసి రండి. మీ పెరట్లో కూలడానికి సిద్ధంగా ఉన్న రేకుల షెడ్డు స్థలం దీనికి సరిపోతుంది. నీటి గొట్టాలన్నీ అక్కడే ఆగిపోతే పాత గోడలకు అదే పెద్ద రక్ష. లిఫ్టును కూడా ఆ కొత్త భాగంలో నిలబెట్టి, పై వసారాకు చిన్న వంతెనతో కలపవచ్చు. చక్రాల కుర్చీ కోసం వాలుదారికి ఒక అడుగు ఎత్తుకు పన్నెండు అడుగుల పొడవు కావాలి. రోడ్డు పెరిగి మెట్లు రెండే మిగలడం వల్ల మీకు కలిగిన లాభం ఈ ఒక్కటే, పక్క ద్వారం దగ్గర అది సులువుగా పడుతుంది.

అనుమతుల గురించి: మద్రాసు హైకోర్టు నియమించిన జస్టిస్ పద్మనాభన్ కమిటీ తయారుచేసిన వారసత్వ భవనాల జాబితాలో మీ భవనం ఉందేమో చెన్నై మహానగర అభివృద్ధి సంస్థ (సీఎండీఏ)లో కనుక్కోండి, ఉంటే అక్కడి వారసత్వ పరిరక్షణ కమిటీ అంగీకారం లేకుండా ముఖద్వారం మీద రంగు కూడా మార్చకండి. కేంద్ర పురావస్తు శాఖ రక్షిత కట్టడం ఏదైనా 100 మీటర్ల లోపు ఉంటే కొత్త భాగం కట్టడానికి వీలు లేదు, ఆ తరువాతి 200 మీటర్లలో ముందుగా అనుమతి తీసుకోవాలి.

వేదిక గురించి మీరు అడగలేదు గాని చెప్పాలనిపిస్తోంది. దాన్ని తీసివేసి అక్కడ గాజు బీరువాలు పెట్టాలని గుత్తేదారు పటంలో ఉంది. బళ్ళారి సరసవినోదినీ సభవారు 1891లో మద్రాసు వచ్చి ఆడిన తెలుగు నాటకాలు చూసి ఉత్తేజితుడై పమ్మల్ సంబంధ ముదలియారు సుగుణ విలాస సభను స్థాపించారు. తమిళ ఆధునిక నాటకరంగం ఆ సభతోనే కొత్త దారి పట్టింది. ఆ సభ నాటకాలు ఆడిన విక్టోరియా పబ్లిక్ హాలుకు 1883లో శంకుస్థాపన చేసినది విజయనగరం మహారాజా ఆనంద గజపతి. మద్రాసు తెలుగువారి మ్యూజియంలో నాటకాల రాయుళ్ల కిరీటాలు అద్దాల వెనక ఉండి, పక్కనే ఉన్న అసలు వేదిక మాయమైతే ఆ కిరీటాలకు అర్థం ఏముంటుంది? వేదిక పలకలను విప్పి, కింద చెదకు మందు పెట్టించి, గాలి ఆడే రంధ్రాలు తెరిపించి, అవే పలకలను తిరిగి బిగించండి. నెలకొకసారి హరికథో, పద్య పఠనమో జరిగితే హాలు తలుపులు తెరుచుకుంటాయి, గాలి ఆడుతుంది, కప్పు కారితే ఎవరో ఒకరు చూస్తారు. ఏడాదికి రెండుసార్లు మాత్రమే తెరిచే భవనాలే ఎక్కువగా పాడవడం నేను చూశాను.

ముంబయిలోని భావు దాజీ లాడ్ మ్యూజియం మరమ్మతుకు అయిదేళ్లు పట్టింది, 2008లో తిరిగి తెరిచారు. మీది దానితో పోలిస్తే చిన్నదే గాని, ఎనిమిది నెలలు మాత్రం కుదరదు. సున్నం నానడానికీ, పూత ఆరడానికీ, ఒక వానాకాలం గమనించడానికీ కలిపి రెండేళ్లు పెట్టుకోండి. అంచనాను గుత్తేదారుకు తిప్పి పంపేముందు ఈ నెలలోనే చేయగలిగిన పనులు కొన్ని ఉన్నాయి. తేమా వేడీ నమోదు చేసుకునే చిన్న పరికరాలు నాలుగు కొని, ఒకటి హాలులో, ఒకటి పై ఉత్తరపు గదిలో, ఒకటి వేదిక కింద, ఒకటి బయట వసారాలో నీడలో పెట్టండి. మిద్దె మీది తూములన్నీ శుభ్రం చేయించి, ప్రతి తూములోనూ ఒక బిందె నీళ్లు పోసి ఎంతసేపట్లో దిగుతాయో చూడండి. రావిమొక్కను పీకకండి, వేరు ఇటుకలను లాగేస్తుంది. కాండం కోసి, కోసిన చోట వెంటనే మందు రాయించి, ఎండిపోయాక తీయించండి. ఇవి అక్టోబరు మొదటి వారానికి పూర్తయితే, మొదటి పెద్ద వాన పడిన మర్నాడు ఉదయం సుద్దముక్క పట్టుకుని తూర్పు గోడ దగ్గరికి వెళ్లండి. ఆ గీతల ఫొటోలు, పరికరాల అంకెలు జనవరిలో నాకు పంపితే, ఏ గోడకు ఏం చేయాలో అప్పుడు కచ్చితంగా చెప్పగలను.